గుర్రం గడిలో మంత్రి

ఎమ్మిగనూరు,
11 ఆగస్టు 2024

గౌరీ,

మీ అత్త పక్కనే నిలబడి "ఏం రాస్తాండావు? నా పేరు రాసినావా?" అని సతాయిస్తోంది. ఇదిగో, ముందు ఆమె పేరే రాస్తున్నాను. ఉచ్చీరమ్మ నిన్ను అడిగినట్టు చెప్పమంది. మీ అమ్మను కూడా అడిగానని చెప్పు. సికింద్రాబాదు నీళ్లు అక్కకు పడుతున్నాయా?

పేపర్లో నీ బొమ్మ చూశాను. మహిళా గ్రాండ్‌మాస్టర్ అట! ఆ పేపరు మా ఉగ్గాని బండికి ముందువైపు అతికించాను. తినడానికి వచ్చినవాళ్లంతా "ఎవరన్నా ఈ పాప?" అని అడగాలి, నేను చెప్పాలి, ఆ లోపల బజ్జీలు మాడాలి. మీ అత్త నన్ను పొయ్యి దగ్గరికి రానివ్వడం మానేసింది.

ఫోన్ చేస్తే మామ తీయడం లేదని అక్కతో కోప్పడ్డావట. తీసి ఏం చేసేది తల్లీ? ఆదోనిలో అన్నేళ్లు జిన్నింగ్ మిల్లులో పని చేసి చెవులు రెండూ ఆ మిషన్లకే అప్పజెప్పి వచ్చాను. కుడిచెవిలో నోరు పెట్టి అరిస్తే కొంచెం వినపడుతుంది, అంతే. నాదేమో మీటల ఫోను, వాట్సాపు లేదు. అందుకని నాకు జాబే రాయి. చదువుకోవడానికి కళ్లున్నాయి.

ఇప్పుడు అసలు సంగతి. మా పేట నేత సంఘం గదిలో సాయంత్రం పూట పిల్లలకు ఆట నేర్పిస్తున్నానని నీకు తెలుసు. ఎక్కువమంది కూలివాళ్ల పిల్లలు. అందులో కోసిగి నుంచి వచ్చిన పుష్ప కూతురు అంజినమ్మ ఉంది చూడు, పదేళ్ల పిల్ల, నన్ను రోజు విడిచి రోజు ఓడిస్తోంది. మొన్న సంఘం పెద్ద కాశప్ప పిలిపించి నా చెవిలో అరిచాడు. "అయ్యన్నా, కర్నూలు అకాడమీ వాళ్లు ఈడ బ్రాంచి పెడతామంటాండారు. గది ఇయ్యమంటాండారు. నీకేమో సర్టిఫికెట్టు లేదు. గౌరికి నేర్పింది నేనే అంటావు, యాడుంది సాక్ష్యం? ఆ పాప నోటితో పదిమందిలో ఒక్క మాట సెప్పనీ, గది నీదే" అన్నాడు.

నవంబరులో ఆదోనిలో ఏదో పుస్తకం విడుదలకు నువ్వు వస్తున్నావట, మన రాష్ట్రంలో పేరు తెచ్చుకున్న చదరంగం ఆటగాళ్ల జీవితాల పుస్తకమట. కాశప్ప, సంఘం వాళ్లు అందరూ వస్తారు. ఆ రోజు స్టేజీ మీద "నాకు ఆట నేర్పింది మా మామ" అని ఒక్క మాట అను తల్లీ. పొగడొద్దు. పొగిడితే నాకు వినపడదు కూడా.

నీ మామ,
అయ్యన్న


సికింద్రాబాదు,
25 ఆగస్టు 2024

మామా,

నీ జాబు ఆఫీసు అడ్రసుకు వచ్చింది. మా సెక్షన్లో అందరూ వింతగా చూశారు. ఈ రోజుల్లో జాబులేమిటని! ఉగ్గాని బండికి నా బొమ్మ అతికించావని చదివి అమ్మ నవ్వి నవ్వి కళ్లు తుడుచుకుంది. నీళ్లు పడ్డాయి గానీ ఇక్కడి కొర్రలు నచ్చలేదట. వచ్చేవాళ్లుంటే పంపించు.

నవంబరు పదిహేడున ఆదోని వస్తాను. ఆ పుస్తకం రాసినాయన పేరు శివకుమార్ గారు, రిటైరైన లెక్చరర్. మంచి మనిషే కానీ ప్రతిదీ అడుగుతాడు. ఏం తినేవాళ్లు, ఎక్కడ పడుకునేవాళ్లు, ఎవరు కొట్టేవాళ్లు, అన్నీ కావాలి ఆయనకు. నీ దగ్గరికి కూడా రావచ్చు. వస్తే టీ ఇచ్చి పంపించు. సుగ్గికని కూలికి వలసపోయిన సంగతులు, గుంటూరు మిరప చేలు, అవేవీ ఎత్తొద్దు మామా. నేను ఆదోని అమ్మాయిననే అందరికీ తెలుసు. అలాగే ఉండనీ.

కర్నూలు అకాడమీ అంటే మా శ్రీనివాసులు సార్‌దే. ఆయనతో నేను మాట్లాడతాను, నువ్వు దిగులు పెట్టుకోకు. వచ్చే డిసెంబరులో సెర్బియాలో టోర్నమెంటుకు నన్ను పంపే ఏర్పాట్లు ఆయనే చూస్తున్నారు. అక్కడ బాగా ఆడితే నా తర్వాతి టైటిల్‌కు దారి పడుతుంది. ఇరవై ఆరు నిండాయి మామా, పదహారేళ్ల పిల్లలు నన్ను దాటిపోతున్నారు. ఇప్పుడు కాకపోతే ఇంకెప్పుడూ కాదు.

పిల్లలకు మాత్రం కొత్త నియమాలే నేర్పిస్తున్నావు కదా? మళ్లీ అనంతపురం కథ కాకూడదు!

స్టేజీ మీద చెబుతాను. చెప్పకుండా ఎలా ఉంటాను?

గౌరి


ఎమ్మిగనూరు,
8 సెప్టెంబరు 2024

మా ఇంటి గ్రాండ్‌మాస్టరుకు,

నీ జాబును మీ అత్తకు చదివి వినిపించాను. "సెప్తానని రాసింది కదా, ఇంకేం, మూసుకుని పండు" అంది. పడుకోలేదు. నేరుగా కాశప్ప ఇంటికి పోయి ఆ చివరి వాక్యం వేలు పెట్టి చూపించాను. "సరేలేప్పా, నవంబరు దాకా గది నీదే" అన్నాడు. శ్రీనివాసులుతో నువ్వు మాట్లాడతానన్నావని కూడా చెప్పాను. నువ్వు ఒక మాట అంటే ఆయన ఈ ఊరి జోలికి రాడు. గది గోడలకు సున్నం కొట్టించాలని అనుకుంటున్నాను.

కొర్రలు మన గోవిందన్న కొడుకు చేతికి ఇచ్చి పంపించాను. చేరాయా?

శివకుమార్ గారు వచ్చారు. ఎంత చక్కని మనిషి! నాకు వినపడదని తెలిసి ప్రశ్నలన్నీ కాగితం మీద రాసి చూపించాడు. ఉగ్గాని రెండుసార్లు అడిగి పెట్టించుకున్నాడు. పుస్తకంలో ఉన్నవాళ్ల సంగతులు కొన్ని రాసి చూపించాడు. ఒక పోస్టుమాస్టరు ముసలితనంలో చూపు పోయినా వేళ్లతో పావులు తడిమి చూసుకుంటూ ఆడేవాడట. ఒకాయన లారీ డ్రైవరు, ప్రతి ఊళ్లోనూ ఒక ప్రత్యర్థిని పెట్టుకుని ఏళ్ల తరబడి ఆట నడిపేవాడట. ఇంకొకామె పెళ్లయి పదేళ్లు పావు ముట్టకుండా ఉండి, మళ్లీ వచ్చి రాష్ట్రంలో మొదటి స్థానం కొట్టిందట. ఎంతెంత గొప్ప మనుషులు! ప్రతి జీవితం ఒకే మాటతో మొదలవుతుందట. 'ఇతనికి ఆట నేర్పినది ఫలానా.' ఒకరికి తండ్రి, ఒకరికి అక్క, పోస్టుమాస్టరుకు మసీదు పక్కన గడియారాలు బాగుచేసే సాయిబు. అది చదివి నా ఒళ్లు ఎట్లయిందో రాయలేను.

నీ గురించి అన్నీ చెప్పాను. మగ్గం కండెలు కోసి పావులు చేసింది, మిల్లు గేటు దగ్గర సిమెంటు అరుగు మీద బొగ్గుతో గడులు గీసింది, నువ్వు నిద్రలో కూడా "రాజూ" అని కేకేసింది. సుగ్గి సంగతి ఎత్తొద్దన్నావు, కానీ ఆయన అడిగాడు, అబద్ధం చెప్పడానికి నాకు చేతకాలేదు. అందులో దాచేదేముంది గౌరీ? మన ఊళ్లో సుగ్గికి పోని ఇల్లు ఒకటి చూపించు.

అనంతపురం కథ కూడా చెప్పాను! నువ్వే గుర్తుచేశావు కదా. తొమ్మిదేళ్ల పిల్ల, మొదటి టోర్నమెంటు, చివరి ఆట. అవతలి పిల్ల దగ్గర రాజు, ఒక్క బంటు మిగిలాయి. మన పద్ధతిలో ఎదుటివాడి పావులన్నీ చంపేసి రాజును ఒంటిని చేస్తే గెలుపు కాదు, సరిజోడు. గెలవాలంటే ఒక్కటైనా వదలాలి. నువ్వు ఆ బంటును ముట్టకుండా వదిలిపెట్టావు. అది నడుచుకుంటూ పోయి చివరి గడి చేరింది. అది గుర్రం గడి, మన పద్ధతిలో గుర్రమే రావాలి. ఆ పిల్ల మంత్రిని తెచ్చి పెట్టింది. నువ్వు లేచి నిలబడి "ఇది గుర్రం గడి, ఈడ మంత్రి ఎట్ల వస్తాడు?" అని అంత పెద్ద హాల్లో కొట్లాటకు దిగావు. ఓడితే ఓడావు గానీ ఎంత మర్యాద తెలిసిన పిల్లవు! ఎదుటివాడిని పూర్తిగా నేలమట్టం చేయకూడదని ఆ వయసులోనే పాటించావు. నేను ఈ కథ ఎవరికి చెప్పినా మురిసిపోతాను. శివకుమార్ గారు కూడా బాగా నవ్వి రాసుకున్నాడు.

నీ మామ


సికింద్రాబాదు,
20 సెప్టెంబరు 2024

మామా,

ఎందుకు చెప్పావు? వద్దని రాశాను కదా. ఒక్కటి, ఒకే ఒక్కటి వద్దన్నాను. ఆయన నాకు ఫోన్ చేసి "మీ మిరప చేల రోజులు అద్భుతంగా ఉన్నాయమ్మా, ఒక పూర్తి భాగం రాస్తాను" అన్నాడు. నా జీవితాన్ని ఉగ్గానితో కలిపి ఆయనకు వడ్డించావు. అడగకుండా వడ్డించడానికి అది నీది కాదు.

అనంతపురం కథ నీకు మురిపెంగా ఉందా? నీకు ఎవరూ చెప్పలేదు కాబట్టి ఇప్పుడు నేను చెబుతున్నాను. ఆ రోజు మొదటి రెండు స్థానాల్లో వచ్చినవాళ్లకు కర్నూలులో హాస్టల్ సీటు, చదువు, కోచింగ్. ఆ ఆట గెలిచి ఉంటే నాకు వచ్చేది. అనంతపురం పోతూ రైల్లో మా బడి పీటీ సార్ కొత్త నియమాలు కొన్ని చెప్పాడు. బంటు మొదట రెండు గడులు నడవొచ్చని, కోట కట్టొచ్చని చెప్పాడు. ఈ గుర్రం గడి, ఒంటి రాజు సంగతులు చెప్పాలని ఆయనకు తట్టలేదు. ఎందుకంటే లోకంలో ఇంకా ఎవరైనా అలా ఆడతారని ఆయనకు తెలియదు! ఆ హాలంతా నన్ను చూసి నవ్వింది మామా. నేను నీ మాట పట్టుకుని ఏడుస్తూ వాదించాను. "మా మామ సెప్పినాడు, మా మామ సెప్పినాడు" అన్నాను.

ఆ తర్వాత రెండు సుగ్గిలు అమ్మతో గుంటూరు పోయాను. మిరపకాయలు కోసిన చేతులతో కళ్లు నలుపుకుంటే ఎలా ఉంటుందో నీకు తెలుసు. శ్రీనివాసులు సార్ మా బడికి వచ్చి నన్ను చూడకపోతే ఇంకా అక్కడే ఉండేదాన్ని. నేను ఇన్నాళ్లూ నీకు ఈ సీటు సంగతి చెప్పలేదు, నువ్వు బాధపడతావని. నువ్వేమో దాన్ని ఊరూరా చెప్పుకుని మురుస్తున్నావు.

శివకుమార్ గారితో నేను మాట్లాడుకుంటాను. నువ్వు ఇంక ఎవరికీ ఏమీ చెప్పకు.

ఆదోనికి రా. అమ్మ రాలేదు, మోకాళ్లు నొప్పులు. నువ్వు ముందు వరసలో కూర్చో. స్టేజీ మీదికి మాత్రం రావద్దు, సార్ వాళ్ల ముందు బాగుండదు.

కొర్రలు చేరాయి.

గౌరి


ఎమ్మిగనూరు,
2 అక్టోబరు 2024

తల్లీ గౌరీ,

నీ జాబు చదివి రెండు రోజులు గదికి పోలేదు. పిల్లలు ఇంటికి వచ్చి తలుపు కొట్టారట, నాకు వినపడలేదు.

సీటు సంగతి నాకు తెలియదు. అక్క చెప్పలేదు, పీటీ సారు చెప్పలేదు. నువ్వు ఓడిపోయి వచ్చిన రోజు నేను బెల్లం మిఠాయి కొనిచ్చి "మంచి ఆట ఆడినావు" అన్నాను. నీ ముఖం అట్లా ఎందుకుందో అప్పుడు అర్థం కాలేదు. మా నాయన నాకు ఎట్లా నేర్పితే నేను నీకు అట్లా నేర్పాను. వేరే పద్ధతి ఒకటుందని నువ్వు ఓడిపోయాకే తెలిసింది. తెలిసిన వారమే కర్నూలు పోయి ఒక చిన్న పుస్తకం కొని అన్నీ నేర్చుకున్నాను. ఇప్పుడు పిల్లలకు గోడ మీద పెద్ద అక్షరాలతో రాసిపెట్టాను, చివరి గడి చేరిన బంటు ఏ పావైనా కావచ్చని. అంజినమ్మ ఆ వాక్యం చూసి "ఇది ఎవురికి తెలీదు తాతా?" అని నవ్వుతుంది.

మిరప చేల సంగతి చెప్పింది తప్పే. నీ బతుకు నీది. శివకుమార్ గారికి నేనే జాబు రాసి అది తీసేయమన్నాను. నీ మీద కోపం లేదు. కోపగించుకునే హక్కు నీదే.

స్టేజీ ఎక్కను. ఎక్కితే నా చొక్కా చూసి నువ్వే పరువు పోయిందంటావు. ముందు వరసలో కూర్చుంటాను, అది చాలు. అనంతపురం ఎత్తొద్దు, సుగ్గి ఎత్తొద్దు, కండెల పావులు కూడా ఎత్తొద్దు. నేర్పింది మా మామ అని ఒక్క మాట. నా కోసం కాదు, గది పోతే ఈ పిల్లలను ఎక్కడ కూర్చోబెట్టాలి? మా ఇంట్లో నలుగురు కూర్చుంటే అయిదోవాడు పొయ్యిలో కూర్చోవాలి.

నువ్వు చెబుతానన్నావు. నాకు ఆ ధైర్యం చాలు.

మామ


ఎమ్మిగనూరు,
18 నవంబరు 2024

మా బంగారూ,

నిన్న రాత్రే రాయాలని కూర్చున్నాను, మీ అత్త లైటు ఆర్పేసింది. తెల్లారగానే రాస్తున్నాను.

నువ్వు స్టేజీ మీద కూర్చున్నావు చూడు, నీలం చీర, చేతికి ఆ వాచీ. మీ అమ్మను చూసినట్టే ఉంది. పక్కన శ్రీనివాసులు గారు, అటు ఎమ్మెల్యే మనిషి ఎవరో, ఇటు శివకుమార్ గారు. నేను కాశప్ప పక్కనే కూర్చున్నాను. ఉపన్యాసాలన్నీ నాకు మూగ సినిమాయే కదా, అందరి నోళ్లూ చూస్తూ ఉన్నాను. నువ్వు లేవగానే నేను కుర్చీ అంచుకు జరిగాను. నువ్వు కొంచెం సేపు మాట్లాడి, నా వైపు చూశావు. చూశావా లేదా? చూశావు. అప్పుడే హాలంతా గొల్లుమని నవ్వింది. స్టేజీ మీద శ్రీనివాసులు గారయితే కళ్లద్దాలు తీసి తుడుచుకున్నాడు. నేను అందరికంటే ఎక్కువ నవ్వాను! చప్పట్లు కొట్టాను, లేచి నిలబడి కొట్టాను. ఏదో మా పాత సంగతి, తమాషాగా చెప్పి ఉంటావు అనుకున్నాను. నువ్వు నన్ను చూసి ఒక్క క్షణం ఆగావు, తర్వాత మళ్లీ మాట్లాడావు.

ఏం చెప్పావు తల్లీ? అయిపోయాక నిన్ను కలుద్దామంటే కార్లో ఎక్కించుకుని పోయారు. కాశప్పను అడిగితే "బాగానే సెప్పింది, బాగానే సెప్పింది" అని చేయి ఊపి బస్సు దొరకదని పరిగెత్తాడు. మన వీధి వీరేష్‌ను అడిగితే తల వంచుకుని ఫోన్ చూసుకుంటున్నాడు. ఎవడికీ తీరిక లేదు. పుస్తకాలు కూడా ఆ తోపులాటలో అయిపోయాయి, నాకు దొరకలేదు.

పూర్తిగా రాయి. ఒక్క మాట కూడా వదలకుండా రాయి. నా చెవులకు దక్కనిది కళ్లకైనా దక్కనీ.

నీ మామ,
అయ్యన్న


సికింద్రాబాదు,
26 నవంబరు 2024

మామా,

ఎల్లుండి సెర్బియాకు బయలుదేరుతున్నాను. సామాన్లు సర్దుకుంటూ రాస్తున్నాను, చిన్న జాబు అని కోప్పడకు.

చెప్పాను మామా. నాకు ఆట నేర్పింది మా మామ అయ్యన్న అని, ఆయనే నా మొదటి గురువని చెప్పాను. నువ్వు ఎంత పట్టుగా నేర్పేవాడివో, నేను పారిపోతే ఎలా పట్టుకొచ్చి కూర్చోబెట్టేవాడివో తమాషాగా చెప్పాను. దానికే అందరూ నవ్వారు. ప్రేమగా నవ్వారు. నువ్వు లేచి చప్పట్లు కొడుతుంటే నాకు కాసేపు మాట రాలేదు.

పుస్తకం నేను వచ్చాక పంపిస్తాను, తొందరపడి కొనకు. గది గురించి సార్‌తో మాట్లాడతాను.

అమ్మ నిన్ను అడిగినట్టు చెప్పమంది. ఆరోగ్యం చూసుకో.

గౌరి


ఎమ్మిగనూరు,
8 డిసెంబరు 2024

గౌరికి,

నువ్వు సెర్బియా నుంచి వచ్చేసరికి ఈ జాబు నీ ఆఫీసులో ఉంటుంది. తీరికగా చదువుకో.

నీ జాబు నవంబరు ఇరవై తొమ్మిది, శుక్రవారం చేరింది. చదివి మీ అత్తకు వినిపించాను, మళ్లీ చదవమంది, మళ్లీ చదివాను. ఆమె ఏడ్చింది. నేను స్నానం చేసి ఇస్త్రీ చొక్కా వేసుకుని సంఘం మీటింగుకు పోయాను. ఆ రోజే గది సంగతి తేలుస్తారట. అందరూ ఉన్నారు. నేను జేబులోంచి నీ జాబు తీసి వీరేష్ చేతికిచ్చి, "గట్టిగా సదువు నాయనా, అందరూ వినాల. పదిమందిలో ఆ పాప ఏం సెప్పిందో మల్లా ఒకసారి వినండి" అన్నాను.

వీరేష్ చదవడం మొదలుపెట్టాడు. నాకు వినపడదు కదా, నేను వాళ్ల ముఖాలు చూస్తూ కూర్చున్నాను. ఒక్కొక్కడే తల దించుకున్నాడు. సిగ్గుపడుతున్నారు, నన్ను అనుమానించినందుకు, అనుకున్నాను. ఇంకా గట్టిగా చదవమని వీరేష్‌ను గదమాయించాను. వాడు మధ్యలో ఆపేశాడు. నేను వాడి చేతిలోంచి జాబు లాక్కుని మిగిలింది నేనే చదివాను, నా మొదటి గురువు అన్న మాటను రెండుసార్లు చదివాను. ఎవరూ నా వైపు చూడలేదు. కూతుర్ని తీసుకుపోవడానికి వచ్చి వాకిట్లో నిలబడిన పుష్ప లోపలికి వచ్చి నా కుడిచెవిలో నోరు పెట్టింది. "అన్నా, ఇంక సదవొద్దన్నా. ఆ పాప అట్ల సెప్పలేదు. మేమంతా ఆడే ఉంటిమి" అంది.

ఏం చెప్పిందో రాసి చూపించమన్నాను. ఎవడూ కదల్లేదు. చివరికి వీరేష్ పిల్లల నల్లబల్ల మీద రాశాడు. నీ మాటలు నీకు గుర్తుండకపోవచ్చు, నేను రాస్తున్నాను. 'చిన్నప్పుడు మా ఇంటి దగ్గర మిల్లు కూలీ ఒకాయన ఉండేవాడు. తనకు చదరంగం వచ్చని అనుకునేవాడు. గుర్రం గడిలో గుర్రమే రావాలని నాకు నేర్పాడు. ఆయన దగ్గరే ఉండి ఉంటే నేను ఈ రోజుకీ గుర్రాలు కాసుకుంటూ ఉండేదాన్ని. శ్రీనివాసులు సార్ వచ్చి నన్ను కాపాడారు.' ఇది విని హాలంతా నవ్విందట. అందరికంటే ఎక్కువ నేను నవ్వాను. లేచి నిలబడి చప్పట్లు కొట్టాను. నువ్వు చూశావు.

శివకుమార్ గారి పుస్తకం వీరేష్ దగ్గర ఉంటే చదివాను. 'గౌరికి ఆట నేర్పినది శ్రీనివాసులు' అని మొదలయింది. ఆయనకు రాస్తే, మీ పేరు తీసేయమని ఆమే గట్టిగా చెప్పారండీ అని మర్యాదగా జవాబిచ్చాడు. సుగ్గి తీసేయమన్నావు, సరే. నన్ను తీసేయడం దేనికి? పీటీ సారు పేరుంది, రైలు పేరుంది.

నువ్వు నన్ను మోసం చేశావు గౌరీ. మెత్తగా చెప్పడానికి నాకు మాటలు రావడం లేదు. స్టేజీ మీద అన్నదానికి నేనే నీ తరఫున ఒక సమాధానం వెతికి పెట్టుకున్నాను. పక్కన సారు ఉన్నాడు, సెర్బియా ఆయన చేతిలో ఉంది, నీ సీటు నా వల్ల పోయింది, ఆ కడుపుమంట ఇన్నేళ్లూ ఉంది. మనిషి నోరు జారుతుంది. రెండు రోజుల్లో అది దిగమింగగలిగాను. కానీ ఆ జాబు? అది నువ్వు ఒక్కదానివే కూర్చుని, ఎవరూ పక్కన లేకుండా, ఎవరూ బలవంతపెట్టకుండా రాశావు. చెవిటివాడికి ఏం రాస్తే ఏం, నమ్ముతాడు అనుకున్నావు. నమ్మాను. నమ్మి దాన్ని నిన్ను విన్న మనుషుల ముందే చదివించాను. ఏమీ చెప్పలేదు మామా, చెప్పలేకపోయాను అని ఒక్క ముక్క రాసి ఉంటే నేను ఆ మీటింగుకు పోయేవాణ్ణే కాదు.

గది తాళం చెవి కాశప్పకు ఇచ్చేశాను. ఆయన తీసుకోవడానికి మొహమాటపడ్డాడు, నేనే బల్ల మీద పెట్టి వచ్చాను. సంక్రాంతి లోపల మీ సారు బ్రాంచి తెరుస్తాడట. బండి మీద నీ బొమ్మ మీ అత్త చింపేయబోయింది. వద్దన్నాను, వానకు అదే పోతుంది.

ఈ సంగతి అక్కకు చెప్పొద్దు. ఆమె మోకాళ్లతోనే బాధపడుతోంది. మామ ఎందుకు జాబులు రాయడం లేదని అడిగితే, కళ్లు కూడా మందగించాయని చెప్పు. నీకు చెప్పడం కష్టం కాదు.

ఇంకొకటి. పుష్ప వాళ్లు ఈ నెలలోనే సుగ్గికి పోతున్నారు. అంజినమ్మను కూడా తీసుకుపోతామంటే నాకు మనసొప్పలేదు. నేనే ఆ పాపను కర్నూలు తీసుకుపోయి మీ సారు హాస్టల్లో చేర్చి వచ్చాను. ఆయన రెండు ఆటలు ఆడించి చూసి చేర్చుకున్నాడు. నన్ను ఎవరని అడగలేదు. పాప వస్తువులు మోసుకొచ్చిన మనిషినే అనుకున్నాడు, నేనూ చెప్పలేదు.

పోతూ బస్సులో ఆ పాపకు ఒకటే నేర్పాను. "నీకు ఆట ఎవురు నేర్పించినారని ఆడ ఎవురన్నా అడుగుతారు. ఎవురూ నేర్పీలేదు, సూసి నేర్చుకున్న అని సెప్పు" అన్నాను. ఎందుకు తాతా అన్నట్టు ముఖం పెట్టింది. "నా పేరు సెప్తే నిన్ను సూసి నవ్వుతారమ్మా" అన్నాను. కొంచెం సేపు కిటికీలోంచి చూసింది. తర్వాత అలాగేనని తలూపింది.

అయ్యన్న